చొక్కా మార్చిన కలరా

(స్వర్ణోత్సవ సమ్మేళనం రెండో రోజు మధ్యాహ్నం మన బడి ఆవరణలో చేసిన ప్రసంగ పాఠం)

 

భోజనాలయ్యాక నా ఉపన్యాసం పెట్టారంటే కార్యవర్గానికి నా మీద నమ్మకమైనా ఉండాలి, కోపమైనా ఉండాలి. ఇంజనీరు కదా, వంతెనల గురించో ఆనకట్టల గురించో చెబుతాడనుకుని ఉంటారు. నేను ముప్ఫై ఏళ్ళకు పైగా చేసింది నీళ్ళ ఉద్యోగం. బోర్లు, ఓవర్‌హెడ్ ట్యాంకులు, పైపులు, వాల్వులు, బ్లీచింగ్ పౌడరు. ఆ పనిలో నాకు పదే పదే ఎదురైన ఒక మాట గురించి ఇవాళ మాట్లాడతాను. ఆ మాట సీరోటైపు. తేలిగ్గా చెప్పాలంటే, ఒకే పేరున్న బాక్టీరియాలను విడదీసి పిలిచే పద్ధతి.

మా పదో తరగతి బి సెక్షన్లో ఐదుగురు శ్రీనివాసరావులు ఉండేవాళ్ళు. లెక్కల మాస్టారు వాళ్ళను ఇంటిపేరు మొదటి అక్షరంతో పిలిచేవారు. మేము మాత్రం పొడుగు శ్రీను, కళ్ళజోడు శ్రీను, గోడ పక్క శ్రీను అనేవాళ్ళం. మాస్టారి పద్ధతి పుట్టుకను బట్టి, మాది పైకి కనబడేదాన్ని బట్టి. సీరోటైపు అనేది మా పద్ధతే. బాక్టీరియా ఏ వంశానిదన్నది కాదు, దాని ఒంటి మీద ఏ గుర్తు ఉందన్నదే ఇందులో చూస్తారు.

ఆ గుర్తును ఎలా చూస్తారో మీకు నేను కొత్తగా చెప్పక్కర్లేదు. ఈ ఉదయం మన పాత ల్యాబ్ గదిలో రక్తదాన శిబిరం జరిగింది. మీ వేలు గుచ్చి, గాజు పలక మీద రక్తపు చుక్కలు పెట్టి, ఒకదాంట్లో నీలం సీరం, మరోదాంట్లో పసుపు సీరం వేసి పుల్లతో కలిపారు. కొన్ని చుక్కలు నున్నగా ఉండిపోయాయి. కొన్ని పాలు విరిగినట్టు గింజలు గింజలుగా అయిపోయాయి. నీలం సీరంలో విరిగితే ఎ, పసుపులో విరిగితే బి, రెండింటిలోనూ విరిగితే ఎబి, దేంట్లోనూ విరగకపోతే ఓ. ఎర్రకణం పైన ఉన్న చక్కెర గొలుసుల్లో చిన్న తేడా. ఆ తేడాను గుర్తుపట్టి అతుక్కునే యాంటీబాడీ సీరంలో ఉంటుంది. దానికి రెండు చేతులున్నాయనుకోండి. ఒక చేత్తో ఒక కణాన్ని, రెండో చేత్తో పక్క కణాన్ని పట్టుకుంటుంది. అలా అన్నీ కలిసి ముద్ద కడతాయి.

రక్తం బదులు బాక్టీరియాను, ఆ సీసాల బదులు కుందేలు రక్తంలోంచి తీసిన సీరాన్ని పెట్టుకోండి. అదే సీరోటైపింగు. చచ్చిన బాక్టీరియాను కుందేలుకు ఎక్కిస్తే దాని ఒంట్లో యాంటీబాడీలు తయారవుతాయి. వాటితో ఆ రకం బాక్టీరియా విరుగుతుంది, వేరే రకం విరగదు. బాక్టీరియా ఇలా విరుగుతుందని 1896లో వియన్నాలో మాక్స్ గ్రూబర్, ఆయన దగ్గర పనిచేస్తున్న హెర్బర్ట్ డర్హమ్ అనే ఆంగ్లేయుడు చూపించారు. అదే ఏడాది గ్రూబర్ దగ్గర సహాయకుడిగా చేరిన మరో కుర్రవాడు కార్ల్ లాండ్‌స్టైనర్. అయిదేళ్ళ తర్వాత మనుషుల రక్తపు గ్రూపులు కనిపెట్టింది ఆయనే. మన శిబిరానికి మూలపురుషుడు బాక్టీరియా ల్యాబులోంచి వచ్చాడన్నమాట. గురువు ఎవరన్నది ముఖ్యమని ఈ వేదిక మీద నేను వేరే చెప్పక్కర్లేదు.

ఈ పేర్లలో ఓ, హెచ్ అనే అక్షరాలు తరచుగా కనబడతాయి. వీటి వెనక ఒక ముచ్చట ఉంది. కొన్ని బాక్టీరియాలకు తోకల్లాంటి కశాభాలుంటాయి. వాటితో ఈదుకుంటూ ప్లేటు మీద పలచని పొరలా పాకుతాయి. అద్దం మీద నోటితో ఊదితే పట్టే ఆవిరిలా ఉంటుంది ఆ పొర. దాన్ని జర్మన్ భాషలో హౌఖ్ అంటారు, అదే హెచ్. తోక లేనివి పాకవు, పొర పట్టదు. ఆ పొర లేనిదని చెప్పడానికి వాడిన ఓనె అనే మాటలోంచి ఓ వచ్చింది. కాబట్టి హెచ్ అంటే తోక గుర్తు, ఓ అంటే ఒంటి పైనున్న చక్కెర గొలుసుల గుర్తు. రక్తపు గ్రూపు ఓతో దీనికి సంబంధం లేదు.

ఇదంతా ల్యాబు వాళ్ళ గొడవ కదా, మాకెందుకు అంటారేమో. నా ఉద్యోగంలోంచి మొదలుపెడతాను.

నీళ్ళ పరీక్ష రిపోర్టులో మేము మొదట చూసేది ఇ.కోలై. తాగునీటికి భారత ప్రమాణం ప్రకారం 100 మిల్లీలీటర్లలో అది ఒక్కటి కూడా కనబడకూడదు. నిజానికి ఇ.కోలై మనందరి పేగుల్లోనూ ఉంటుంది. చాలా రకాలు మన జోలికి రావు. నీళ్ళలో అది కనబడితే మలం కలిసిందని అర్థం, అందుకే వెతుకుతాం. కానీ వాటిలో ఓ157:హెచ్7 అనే రకం వేరు. అది పశువుల పేగుల్లో వాటికి ఏ ఇబ్బందీ పెట్టకుండా ఉంటుంది. మనిషికి చేరితే రక్త విరేచనాలు తెస్తుంది, చిన్నపిల్లల్లో మూత్రపిండాలను దెబ్బతీస్తుంది. మనుషుల్లో దీని పేరు బయటపడింది 1982లో, అమెరికాలో హాంబర్గర్లు తిన్నవాళ్ళు జబ్బుపడినప్పుడు.

నీళ్ళ ఇంజనీర్లు అందరూ చదివి తీరాల్సిన కథ కెనడాలోని వాకర్టన్‌ది. సుమారు 5,000 మంది ఉన్న ఊరు. 2000 మే నెలలో భారీ వర్షాలు పడ్డాయి. ఊరికి నీళ్ళిచ్చే బావుల్లో ఐదో నంబరుది లోతు తక్కువ. పక్క పొలంలో వేసిన పశువుల ఎరువు వాననీటితో అందులోకి దిగింది. అందులో ఓ157:హెచ్7 ఉంది. ఏడుగురు చనిపోయారు, సుమారు 2,300 మంది జబ్బుపడ్డారు. విచారణ జరిపితే తేలిందేమిటంటే, అక్కడి ఆపరేటర్లు రోజూ క్లోరిన్ కొలవకుండానే రిజిస్టర్లో 0.5 అనో, 0.75 అనో రాసేసేవాళ్ళు. ఆ పుటలు చూసిన ఎవరికైనా అంతా సవ్యంగా ఉందనిపిస్తుంది. ఏళ్ళ తరబడి ఒకే అంకె వస్తుంటే అనుమానించాలి. నా కింద పనిచేసిన కుర్ర ఇంజనీర్లందరికీ మొదటి వారంలోనే ఈ కథ చెప్పేవాణ్ణి. అన్ని రోజులూ 0.2 అని ఒకే సిరాతో, ఒకే చేతిరాతతో, ఒకే కూర్చోపులో నింపిన రిజిస్టర్లు మన దగ్గర నేనెన్ని చూశానో చెబితే మీకు రాత్రి నిద్రపట్టదు.

ఇక్కడ ఒక మాట గట్టిగా చెబుతాను. క్లోరిన్‌కు సీరోటైపులతో పని లేదు. ఓ157 అయినా, కలరా అయినా, టైఫాయిడ్ అయినా దాని ముందు ఒకటే. మన ఒంట్లోని రక్షణ వ్యవస్థ అలా కాదు. అది గుర్తును చూసి పనిచేస్తుంది. టీకా కూడా అంతే. గుర్తు మారితే పాత రక్షణ పనికిరాకపోవచ్చు. దీనికి నాకు తెలిసినంతలో కలరాను మించిన ఉదాహరణ లేదు. అది జరిగింది కూడా మన పక్క రాష్ట్రంలోనే.

కలరా సూక్ష్మజీవి విబ్రియో కలరే. కామా గుర్తులా వంకరగా ఉంటుంది. నదీముఖాల్లో, ఉప్పునీటి కయ్యల్లో ఇది మామూలుగానే బతుకుతుంది. ఒంటి మీది చక్కెర గొలుసులను బట్టి దీనిలో ఇప్పటికి 200కు పైగా రకాలు గుర్తించారు. ఈ విభజనకు పునాది వేసింది 1935లో గార్డనర్, వెంకట్రామన్ అనే ఇద్దరు. రెండో ఆయన మన దక్షిణాది మనిషేనని పేరే చెబుతోంది. ఊళ్ళకు ఊళ్ళు ఊడ్చిపెట్టిన అసలు కలరాకు వాళ్ళు ఒకటో నంబరు ఇచ్చారు. అదే ఓ1. మిగతావన్నీ ఎక్కడో ఒకటీ అరా విరేచనాలు తెచ్చేవే తప్ప మహమ్మారి తేలేవని పుస్తకాల్లో రాసుకున్నారు. ఓ1లో మళ్ళీ ఒగావా, ఇనాబా, హికోజిమా అని మూడు ఉపరకాలు, అన్నీ జపాను పేర్లు. ఒగావాకు, ఇనాబాకు ఉన్న తేడా ఎంతో తెలుసా? చక్కెర గొలుసు చివర ఒక్క మిథైల్ గుంపు. ఒక కార్బను, మూడు హైడ్రోజన్లు. కెమిస్ట్రీ మాస్టారు మిథైల్ గురించి చెప్పేటప్పుడు కిటికీలోంచి మామిడికాయలు లెక్కపెట్టినవాళ్ళు ఇక్కడే కూర్చున్నారు, వాళ్ళకు తెలుస్తుందని చెబుతున్నాను.

1992 అక్టోబరు ప్రాంతంలో మద్రాసులో కలరా రోగులు ఆసుపత్రికి రావడం మొదలైంది. అదే గంజినీళ్ళ లాంటి విరేచనం, గంటల్లో మనిషి పీక్కుపోవడం, అవే పీచు కట్టిన వేళ్ళు. ల్యాబులో వంకర సూక్ష్మజీవి పెరిగింది. కానీ ఓ1 సీరం వేస్తే విరగలేదు. ఓ1 కాకపోతే మహమ్మారి కాకూడదు కదా! రోగులు మాత్రం వస్తూనే ఉన్నారు. కొద్ది వారాల్లో కలకత్తాలో, ఆ తర్వాత బంగ్లాదేశ్‌లో అదే వరస. 1993 తొలి నెలల్లో ఒక్క బంగ్లాదేశ్‌లోనే లక్షకు పైగా కేసులు.

అప్పటికి ప్రపంచంలో ఉన్న సీరాలు 138. ఈ కొత్త సూక్ష్మజీవిని ఆ 138 సీరాలతోనూ కలిపి చూశారు. ఒక్కదానితోనూ విరగలేదు. 139వ నంబరు ఇవ్వక తప్పలేదు. ఓ139 బెంగాల్ అని పేరుపెట్టారు. మద్రాసులో పుట్టి బెంగాల్ పేరు పెట్టుకుందేమిటని నేను అప్పట్లో అడిగితే, బంగాళాఖాతం పేరులెండి అన్నారు ఒక డాక్టరుగారు. మద్రాసు వాళ్ళు అదృష్టవంతులు.

అప్పుడు గమనించిన వింత ఒకటుంది. కలరా ఏటా వచ్చే ప్రాంతాల్లో ఎక్కువగా పడేది పిల్లలు. పెద్దవాళ్ళకు చిన్నప్పటి నుంచీ కొద్దో గొప్పో సోకి సోకి ఓ1 మీద రక్షణ పెరిగి ఉంటుంది. ఓ139 వచ్చినప్పుడు మాత్రం పడ్డది పెద్దవాళ్ళు. పొలానికి వెళ్ళాల్సిన నడివయసు మగవాళ్ళు, ఆడవాళ్ళు మంచాలకెక్కారు. వాళ్ళ ఒంట్లోని కాపలాదారు పాత చొక్కాను మాత్రమే గుర్తుపడతాడు. కొత్త చొక్కాతో అదే దొంగ దర్జాగా లోపలికి నడిచి వెళ్ళాడు.

అదే దొంగ అని ఊరికే అనలేదు. తర్వాత జన్యువులు విప్పి చూస్తే, అది మరెక్కడినుంచో వచ్చిన కొత్త జీవి కాదని తేలింది. 1961లో ఇండోనేషియాలో మొదలై లోకమంతా తిరుగుతున్న ఓ1 ఎల్ టార్ కలరాయే. చక్కెర గొలుసు తయారుచేసే జన్యువుల ముక్క ఒక్కటి ఊడిపోయి, వేరే బాక్టీరియా నుంచి వచ్చిన ముక్క ఆ చోట కూర్చుంది. విషం అదే, పేగును పట్టుకునే కొక్కెం అదే. చొక్కా మాత్రం కొత్తది. మా శ్రీనుల పద్ధతిలో పిలిస్తే వేరే మనిషి, మాస్టారి పద్ధతిలో పిలిస్తే అదే కుటుంబం. ఈ రెండు పద్ధతులూ అవసరమని నాకు అప్పుడు అర్థమైంది. పైగుర్తు చూస్తే టీకా పనిచేస్తుందో లేదో తెలుస్తుంది, వంశం చూస్తే ఎక్కడినుంచి వచ్చిందో తెలుస్తుంది.

రోగికి వైద్యం చేయడానికి మాత్రం ఈ గొడవేమీ అక్కర్లేదు. పోయిన నీళ్ళు, ఉప్పు తిరిగి ఎక్కించాలి. ఓఆర్‌ఎస్ ప్యాకెట్టుకు ఓ1, ఓ139 తేడా లేదు. ఇది పిల్లల తల్లిదండ్రులు గుర్తుపెట్టుకోవాలి. రిపోర్టు కోసం ఆగవద్దు.

నేను అప్పుడు కొత్తగా చేరిన అసిస్టెంట్ ఇంజనీరును. మద్రాసు వార్త పేపర్లో చదివాం, క్లోరిన్ పెంచమని ఆదేశాలొచ్చాయి. సీరోటైపు అనే మాట నా పనికి నేరుగా తగిలింది మాత్రం మరికొన్నేళ్ళ తర్వాత. ఊరి పేరు చెప్పను, ఒక చిన్న మున్సిపాలిటీ అనుకోండి. మే నెల. ఊరికి ఒక చివర రెండు వార్డుల్లో, మరో చివర ఒక కాలనీలో ఒకే వారంలో విరేచనాలు మొదలయ్యాయి. ముగ్గురు పోయారు. అందులో ఒకామె మార్కెట్ దగ్గర పూలు అమ్ముకునే మనిషి, ముందు రోజు సాయంత్రం దాకా పూలు కట్టింది. రెండు చోట్లకూ నీళ్ళు ఒకే ఓవర్‌హెడ్ ట్యాంకు నుంచి వెళ్తాయి. ట్యాంకు మూసేయాలని గోల. మూసేస్తే ఎండాకాలంలో ఊరు సగానికి నీళ్ళుండవు. జనం గుంటల్లో, పాత బావుల్లో నీళ్ళు తెచ్చుకుంటారు. అప్పుడు ముగ్గురితో ఆగదు. ట్యాంకు దగ్గర క్లోరిన్ బాగానే ఉందని నేను చూపిస్తున్నా వినేవాళ్ళు లేరు.

నమూనాలు జిల్లా కేంద్రానికి పంపారు. వాటిని పంపే సీసాలో పోసేది ముతక సముద్రపు ఉప్పు, పెప్టోన్ కలిపిన ద్రావణం. దాన్ని వి.ఆర్. ద్రావణం అంటారు. ఆ వి ఎవరో కాదు, ఇందాక చెప్పిన వెంకట్రామనే. రెండో అక్షరం రామకృష్ణన్. వాళ్ళు దాన్ని 1941లో ప్రకటించారు. కలరా సూక్ష్మజీవి ఆ ఉప్పులో రోజుల తరబడి బతికే ఉంటుంది, ఫ్రిజ్ అక్కర్లేదు.

రిపోర్టు వచ్చింది. వార్డుల నుంచి వెళ్ళిన నమూనాల్లో ఓ1 ఒగావా. కాలనీ నమూనాల్లో ఓ1 ఇనాబా. నాకేమీ అర్థం కాలేదు. రెండూ కలరాయే కదా అన్నాను. జిల్లా నుంచి వచ్చిన డాక్టరుగారు కాగితం వెనక గీసి వివరించారు. 'చూడండి ఏఈ గారూ, ఒకే రకం వచ్చి ఉంటే ఒకే మూలమని నేను చెప్పలేకపోయేవాణ్ణి, ఎందుకంటే ఒగావా దేశమంతా ఉంది. కానీ రెండు వేరే రకాలు వచ్చాయి. ఒగావా ఇనాబాగా మారడం అసాధ్యం కాదు. కానీ ఒకే ట్యాంకు నీళ్ళలో, ఒకే వారంలో, సరిగ్గా ఆ రోడ్డు దగ్గర గీత గీసినట్టు మారదు. మీరు రెండు చోట్ల వెతకండి.'

వెతికాం. వార్డుల్లో ఇళ్ళకు వెళ్ళే పైపులు మురుగుకాలవలోంచే వేసి ఉన్నాయి. ఒక జాయింటు తినేసి ఉంది. నీళ్ళు ఆగిన వేళల్లో పైపు లోపల ఒత్తిడి పడిపోతుంది, కాలవ నీళ్ళు లోపలికి పీల్చుకుంటుంది. మన ఊళ్ళలో రోజుకు గంట నీళ్ళిస్తామంటే మిగతా ఇరవైమూడు గంటలూ ఆ పైపు మురుగు తాగుతుంటుందని అర్థం. కాలనీలో మాత్రం మా పైపు బాగానే ఉంది. వాళ్ళు ఎత్తున ఉండటంతో కుళాయి సరిగా రాక ప్రైవేటు ట్యాంకరు పోయించుకుంటున్నారు. ఆ ట్యాంకరు నింపేది ఊరి బయట మూత లేని బావి దగ్గర. రెండు చోట్లా సరిచేశాం, ఓవర్‌హెడ్ ట్యాంకు ఒక్క రోజు కూడా ఆపలేదు. నాలుగో కేసు చావుదాకా వెళ్ళలేదు. ఒక్క మిథైల్ గుంపు తేడా ఊరు సగానికి నీళ్ళు నిలబెట్టిందని నేను ఇప్పటికీ అంటుంటాను. మా ఆవిడకు ఈ వాక్యం కంఠతా వచ్చు.

ఓ139 కథ తరువాయి భాగం మన హైదరాబాదులో నడిచింది. అప్పటికున్న కలరా టీకాలన్నీ ఓ1 చొక్కాను చూసి కుట్టినవి. కొత్తదానికి పనికిరావు. వియత్నాంలో తయారైన నోటి టీకాను మెరుగుపరిచి, ఆ పరిజ్ఞానాన్ని హైదరాబాదులోని శాంతా బయోటెక్నిక్స్‌కు ఇచ్చారు. ఒగావా, ఇనాబా, ఓ139 మూడూ కలిసిన ఆ టీకా షాంకాల్ పేరుతో 2009లో మన దేశంలో అనుమతి పొందింది. కలకత్తా బస్తీల్లో పరీక్షిస్తే అయిదేళ్ళ పాటు 65 శాతం రక్షణ ఇచ్చింది. 2013లో ప్రపంచ ఆరోగ్య సంస్థ అత్యవసర నిల్వ మొదలుపెట్టినప్పుడు అందులో ఉన్నది అదే. కలరా చెలరేగిన దూరదేశాల్లో పిల్లలు మింగింది మన హైదరాబాదు మందు.

ఇంతలో ఓ139 తనంతట తానే తగ్గిపోతూ వచ్చింది. ఎనిమిదో మహమ్మారి అవుతుందని భయపెట్టింది కాస్తా అక్కడక్కడ ఒకటీ అరా కేసులకు దిగింది. ఎందుకు తగ్గిందో చెప్పడానికి ఎవరి సిద్ధాంతం వాళ్ళకుంది. మరోవైపు ఓ1 కలరా విజృంభించి, టీకాలు చాలక, 2022 అక్టోబరులో రెండు డోసుల బదులు ఒక్క డోసే ఇవ్వాలని నిర్ణయించాల్సి వచ్చింది. షాంకాల్ తయారీ కూడా ఆగిపోయింది. అప్పుడొక ప్రశ్న వచ్చింది. లేని శత్రువు కోసం టీకాలో చోటెందుకు? 2024లో కొరియా సంస్థ ఓ139ను తీసేసి, ఒగావా, ఇనాబాలతోనే సరళమైన టీకా తెచ్చింది. అదే ఏడాది ఆగస్టులో భారత్ బయోటెక్ హైదరాబాదులో హిల్‌కాల్ విడుదల చేసింది. దానిలో ఒకే ఒక్క హికోజిమా రకం వాడారు. ఒగావా గుర్తు, ఇనాబా గుర్తు రెండూ దాని ఒంటి మీదే ఉంటాయి. ఇంజనీరుగా నాకు ముచ్చటేసిన పని అది. రెండు పంపుల పని ఒక పంపుతో చేయించినట్టు. ఓ139ను తీసేయడం సరైన నిర్ణయమేనని నా అభిప్రాయం, కానీ ప్రయోగశాలల అలమరల్లో ఆ 139వ సీరం సీసా మాత్రం ఎప్పుడూ ఉండాలి. వచ్చిందని తెలియాలంటే వెతకాలి కదా.

ఇక మన ఇళ్ళలోకి వద్దాం. జ్వరం మూడో రోజుకు దిగకపోతే వైడాల్ పరీక్ష రాయించుకోని వాళ్ళు ఈ సభలో ఎంతమంది? చేతులెత్తక్కర్లేదు, నాకు తెలుసు. ఆ పరీక్ష కూడా 1896 నాటిదే. ఫెర్నాన్ వైడాల్ అనే ఫ్రెంచి డాక్టరు పరీక్షను తిరగేశాడు. తెలిసిన సీరంతో తెలియని బాక్టీరియాను చూడటానికి బదులు, తెలిసిన టైఫాయిడ్ బాక్టీరియాను రోగి సీరంతో కలిపాడు. విరిగితే ఆ రోగికి టైఫాయిడ్ సోకిందని. రిపోర్టులో మీరు చూసే ఓ, హెచ్ ఇందాక చెప్పిన ఒళ్ళు, తోకలే.

చిక్కు ఎక్కడంటే, సాల్మొనెల్లా కుటుంబంలో 2,500కు పైగా సీరోటైపులున్నాయి. వాటిలో చాలా వాటికి గుర్తులు ఉమ్మడివి. టైఫాయిడ్ ఒంటి మీద 9, 12 అనే గుర్తులుంటాయి. పాడైన గుడ్ల వల్ల, కోడిమాంసం వల్ల వచ్చే ఎంటరిటిడిస్ అనే మరో సాల్మొనెల్లాకూ అవే గుర్తులు. పాత జ్వరం తాలూకు యాంటీబాడీలు నెలల తరబడి ఒంట్లో ఉండిపోతాయి. కాబట్టి ఒక్కసారి చేసిన వైడాల్‌లో 'పాజిటివ్' అని వస్తే టైఫాయిడ్ అని తేల్చలేం. నిజంగా టైఫాయిడ్ ఉన్నవాడికి మొదటి వారంలో నెగటివ్ కూడా రావచ్చు. ఖాయంగా తెలియాలంటే యాంటీబయాటిక్ మొదలుపెట్టక ముందే రక్తం తీసి కల్చర్ చేయించాలి. నేను డాక్టర్ని కాను, మందులు చెప్పను. కానీ ఏడాదికి మూడుసార్లు 'టైఫాయిడ్' వచ్చిందనే మిత్రులారా, ఒక్కసారైనా మీ డాక్టరుగారిని కల్చర్ గురించి అడగండి.

టీకా సంగతీ అంతే. హైదరాబాదులో తయారైన టైఫాయిడ్ కాంజుగేట్ టీకా చాలా మంచిది. అది టైఫాయిడ్ పైనుండే వి.ఐ. అనే పొరను చూసి చేసింది. పారాటైఫాయిడ్ ఎకు ఆ పొర లేదు. టీకా వేయించుకున్నాక కూడా అది రావచ్చు, వస్తే టీకాను తిట్టకండి. మీ మనవలకు ఆరు వారాలకు, పద్నాలుగు వారాలకు, తొమ్మిది నెలలకు వేసే న్యుమోనియా టీకాకూ ఇదే లెక్క. న్యూమోకాకస్‌లో 100 దాటిన రకాలున్నాయి, మన దేశపు టీకాలో వాటిలో బాగా ప్రమాదకరమైన 10 ఉన్నాయి. పది చాలా అంటే, ప్రాణాలు తీసే జబ్బులో పెద్ద వాటా వాటిదే కాబట్టి చాలా మేలు.

సాల్మొనెల్లా పేర్లు చాలావరకు ఊళ్ళ పేర్లు, అది మరో తమాషా. పూనా అని ఒకటుంది, బరేలీ అని ఒకటుంది. 2012లో అమెరికాలో 28 రాష్ట్రాల్లో నాలుగు వందల పైచిలుకు మంది జబ్బుపడితే చాలామందిలో ఒకే రకం కనబడింది. అది బరేలీ. అరుదైన రకం కావడంతో ఇన్ని రాష్ట్రాల వాళ్ళకు ఒకే మూలం ఉండాలని అనుమానించారు. వాళ్ళేం తిన్నారని కూపీ లాగితే కారం కలిపిన పచ్చి ట్యూనా, అది కేరళ నుంచి వెళ్ళిన చేప తురుము. ఉత్తరప్రదేశ్ ఊరి పేరు, కేరళ చేప, న్యూయార్క్ కడుపునొప్పి.

సమయం అయిపోయిందని కార్యదర్శిగారు గడియారం చూపిస్తున్నారు. ఒక్క పని ఉంది, అది చెప్పి దిగుతాను.

నిన్న సాయంత్రం అలవాటు కొద్దీ క్లోరోస్కోప్ పట్టుకుని మన బడి నీళ్ళు చూశాను. ట్యాంకు దగ్గర లేతగా పసుపు వచ్చింది. ఆడపిల్లల వైపు చివరి కుళాయి దగ్గర రంగే లేదు. అక్కడ 0.2 ఉండాలి. ట్యాంకు మూత పగిలి ఉంది, కడిగిన తేదీ గోడ మీద రాసి లేదు. ప్రధానోపాధ్యాయురాలు గారితో మాట్లాడాను. కొత్త మూత, చిన్న డోసింగు పంపు మా బ్యాచ్ తరఫున పెడుతున్నాం. తొమ్మిదో తరగతి పిల్లల్లో ఇద్దరు రోజూ ప్రార్థనకు ముందు చివరి కుళాయి దగ్గర క్లోరిన్ కొలిచి రిజిస్టర్లో రాస్తారు. ఏ రోజైనా రంగు రాకపోతే రాలేదనే రాయమని వాళ్ళకు మరీ మరీ చెప్పాను. రేపు ఉదయం ఏడింటికి ట్యాంకు కడగాలి. నిచ్చెన, చీపుళ్ళు ఉన్నాయి, నలుగురు మనుషులు కావాలి. మోకాళ్ళు నొప్పులు లేనివాళ్ళు టీ దగ్గర నాకు పేరు ఇవ్వండి. శ్రీనివాసరావులైతే ఇంటిపేరు కూడా చెప్పండి.